గొట్టంలో గొట్టం

నేను రీసెర్చిలో చేరిన మొదటి వారంలోనే మా గైడ్ గారి కండెన్సర్ పగలగొట్టాను. కడుగుతుంటే చేతిలోంచి జారి నల్లాకు తగిలి, మూతి దగ్గర విరిగింది. ల్యాబ్‌లో అలాంటిది అదొక్కటే. ముక్కల్ని చున్నీ కొంగులో పెట్టుకుని ఏడుపు మొహంతో నిలబడితే మా సీనియర్ ఒకామె, "రాజలింగం సాబ్ దగ్గరికి పో. లంచ్ లోపల్నే పో, తర్వాత ఆయన మంట బంద్ చేస్తడు" అని చెప్పింది.

కెమిస్ట్రీ బిల్డింగు వెనక, సైకిల్ స్టాండును ఆనుకుని పొడవాటి గది ఒకటి ఉండేది. రెండు వైపులా కిటికీలు బార్లా తెరిచి ఉండేవి. లోపల బల్ల ముందు సన్నటి మనిషి ఊదారంగు కళ్ళద్దాలు పెట్టుకుని, పెదాల మధ్య రబ్బరు గొట్టం ఇరికించుకుని, మంటలో గాజు తిప్పుతున్నాడు. రెండు చేతులూ ఒకే వేగంతో తిరుగుతున్నాయి. ఎర్రబడి మెత్తబడ్డ గాజులోకి ఆయన చిన్నగా ఊదితే, అది పిల్లల బుగ్గలాగా ఉబ్బింది. అది పూర్తయ్యేదాకా నా వైపు చూడలేదు.

"ఏంది బిడ్డా, పలిగిందా?"

తల ఊపాను.

"ఏడువకు. గాజు పలగకపోతే నాకు జీతమెందుకిస్తరు? ఆ స్టూలు గుంజుకోని కూసో."

ఆ పూట కండెన్సర్ అంటే ఏమిటో నాకు మొదటిసారి అర్థమైంది. పుస్తకంలో బొమ్మ చాలాసార్లు వేశాను, కాని ఆయన చెప్పినట్టు ఎవరూ చెప్పలేదు.

"ఇండ్ల పెద్ద విద్యేం లేదమ్మా. గొట్టంల గొట్టం. లోపలి దాంట్లకెల్లి వేడి ఆవిరి పోతది. బయటి దాంట్లకెల్లి సల్లనీళ్లు పోతయి. పక్కపక్కనే పోతయి గని ఒకదాంతోని ఒకటి కలువయి. లోపలి గొట్టం బయటికొచ్చే కాడ అతుకు మంచిగ పడాలె. గా అతుకు పెట్టుడే మా పని."

సాయంత్రానికి కండెన్సర్ నా చేతిలో ఉంది. విరిగిన చోటు ఎక్కడో వేలితో తడిమినా దొరకలేదు. మా గైడ్ గారికి ఈ రోజుకీ తెలియదు.

ఆ తర్వాత ఆరేళ్లు ఏ చిన్న పని పడినా, పడకపోయినా, ఆ గదికి పోయేదాన్ని. ఆయన కథ నాకు అక్కడే ముక్కలు ముక్కలుగా తెలిసింది. పుట్టింది గోల్నాకలో. తండ్రి కాచిగూడ స్టేషన్ ముందు సోడాబండి నడిపేవాడు. పదో తరగతి తర్వాత డిపార్ట్‌మెంట్‌లో అటెండర్‌గా చేరాడు. గ్లాస్ రూమ్ ఊడ్చి, పగిలిన గాజును రకాల వారీగా వేరుచేసి డబ్బాల్లో పోయడం ఆయన పని. అక్కడి ఉస్తాద్ యాకూబ్ సాబ్ ఆ డబ్బాలు చూసి, ఈ పోరగాడికి చెయ్యి శుభ్రంగా ఉందని తన పక్కన కూర్చోబెట్టుకున్నాడు. అయితే ఆరు నెలలపాటు గాజు ముట్టనివ్వలేదట. మంట మాత్రం చూడమన్నాడు.

"ఆరు నెలలు మంటల ఏం జూసిండ్రు సాబ్?" అని అడిగాను ఒకసారి.

"మస్తుగుంటది చూసేటందుకు. గాలి మంచిగ అందితే మంట నీలంగ, గట్టిగ నిలవడతది, చప్పుడు చేస్తది. గాలి చాలకపోతే కొసకు పసుపుపచ్చ తిరిగి మెత్తగ ఊగుతది. గాజు వేడెక్కితే వచ్చే పసుపు వేరే. గాలి లేక వచ్చే పసుపు వేరే. రెండిటికి తేడా తెలిసేదాక ఉస్తాద్ నన్ను లేవనియ్యలే."

ఒక జనవరిలో చలికి వణుకుతూ కిటికీ మూయబోతే కసిరాడు కూడా. ఆయన నన్ను కసిరింది ఆ ఒక్కసారే. "మంటకు సుత ఊపిరి కావాలె బిడ్డా. కిటికీలు మూస్తే అది నీ ఊపిరి గుంజుకుంటది."

నాకు అదే డిపార్ట్‌మెంట్‌లో ఉద్యోగం వచ్చిన రెండేళ్లకు ఆయన రిటైరయ్యాడు. శాలువా కప్పారు, సమోసాలు పెట్టారు. ఆ పోస్టులో మళ్లీ ఎవరినీ తీసుకోలేదు. గాజు సామాను ఇప్పుడు కేటలాగులో చూసి తెప్పించుకుంటున్నాం. పగిలితే పారేస్తాం. గది చాలా రోజులు తాళంతోనే ఉండి, చివరికి పాత కుర్చీల స్టోర్‌గా మారింది. అటువైపు నడిచినప్పుడల్లా వేడి గాజు వాసన వచ్చినట్టే ఉంటుంది. గాజుకు వాసనేమిటి అని మా పిల్లలు నవ్వుతారు.

ఆయన ఇల్లు తార్నాకలో. మా ఇల్లూ అక్కడే. లాలాపేట వైపు పోయే దారిలో, ఆయన ఇంటికి రెండు గల్లీల అవతల. ఆదివారాలు కూరగాయలకు పోయి వస్తూ ఆగేదాన్ని. కింద ఆయన, భార్య సత్తెమ్మ, కొడుకు దేవేందర్ కుటుంబం. మీద పోర్షన్‌లో రెండేళ్లుగా ఎలీషా, హన్నా అనే కొత్త దంపతులు కిరాయికి ఉంటున్నారు. రేపల్లె దగ్గరివాళ్లు. ఎలీషా యూనివర్సిటీ ఆఫీసులో క్లర్కు, హన్నా ఒక స్కూల్లో లెక్కల టీచరు. ఇద్దరూ మెత్తని మనుషులు. ఆదివారం చర్చికి పోతూ కింద ఆగి, "వెళ్లొస్తామండీ తాతగారూ" అని చెప్పి మరీ పోయేవాళ్లు.

గీజర్ సంగతి ఆ పోర్షన్ దగ్గర మొదలైంది. మీద వైరింగ్ పాతది. కరెంటు గీజర్ పెట్టిన ప్రతిసారీ ఫ్యూజ్ పోయేది. దేవేందర్ చలికాలం రాకముందే ఒక గ్యాస్ గీజర్ తెచ్చి మీది బాత్రూంలో బిగింపించాడు. గోడకు తగిలించిన చిన్న డబ్బా, బయట బాల్కనీలో సిలిండర్. నల్లా తిప్పగానే టకటకమని నిప్పురవ్వ వచ్చి లోపల మంట అంటుకుంటుంది, ఆ మంట మీద ఉన్న రాగి గొట్టాల చుట్టలోంచి నీళ్లు సాగి నిమిషంలో వేడిగా వస్తాయి. ఎలీషా మహా సంబరపడ్డాడు. పావురాలు దూరుతున్నాయని, చలిగాలి కొడుతోందని వెంటిలేటర్‌కు అట్టముక్క అడ్డం పెట్టి టేపు వేశాడు.

దీపావళికి మిఠాయి ఇవ్వడానికి మీదికి పోయిన రాజలింగం సాబ్ బాత్రూం తలుపు తెరిచి ఉంటే గీజర్ అద్దంలోంచి మంట చూశాడు. కొసన పసుపుపచ్చ. దిగివచ్చి కొడుకుతో చెప్పాడు.

"దేవేందర్, గా మంట మంచిగ లేదురా. పొగ పోయేటందుకు గొట్టం లేదు. మంట లోపలి గాలే తింటున్నది, పొగ లోపల్నే ఇడుస్తున్నది."

"నాయినా, ఊరంత గవే పెట్టుకుంటున్నరు. ఇది నీ ల్యాబ్ కాదే" అన్నాడు కొడుకు. కోపంగా అనలేదు, ఫోన్ చూసుకుంటూ అన్నాడు. పెద్దాయన ఆ మాట మళ్లీ ఎత్తలేదు. రిటైరైనప్పటి నుంచి ఇంటి పెత్తనం కొడుకుదే. తనకు తెలిసింది ఇప్పుడు ఎవరికీ పనికిరాదని ఆయన ఎప్పుడో సర్దుకున్నాడు.

నవంబరంతా హన్నాకు పొద్దున్నే తలనొప్పి. స్కూలుకు పోయాక తగ్గేది. మర్నాడు మళ్లీ వచ్చేది. ఒక ఆదివారం మెట్ల మీద కనబడి, "చలి పడట్లేదేమోనండీ, కళ్లు కూడా తిరుగుతున్నాయి" అంది నాతో. నేను రసాయనశాస్త్రం పాఠం చెప్పే మనిషిని. శొంఠి కాఫీ తాగమని సలహా ఇచ్చి వచ్చాను. అది తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

డిసెంబరు రెండో వారం, శనివారం పొద్దున. స్కూలుకు సెలవు కావడంతో హన్నా తలంటుకుంటానని బాత్రూంలోకి పోయింది. మామూలుగా పది నిమిషాలు. ఆ రోజు పావుగంట దాటినా నీళ్ల చప్పుడు ఆగలేదు. ఎలీషా రెండుసార్లు పిలిచాడు. పలకలేదు. మెట్ల మీంచి కేక వేశాడు.

"తాతగారూ! హన్నా పలకట్లేదండీ! లోపల గడేసుకుందండీ!"

డెబ్బై దాటిన మనిషి ఆ మెట్లు ఎలా ఎక్కాడో సత్తెమ్మకు ఇప్పటికీ ఆశ్చర్యమే. ఆయన ముందు తలుపు దగ్గరికి పోలేదు. బాల్కనీలోకి పోయి సిలిండర్ కట్టేశాడు. తర్వాత, "తన్నయ్యా తలుపు, ఎందుకు చూస్తున్నవ్!" అని అరిచాడు. ఎలీషా రెండు తన్నులకు గడియ ఊడింది. హన్నా గోడకు ఆనుకుని కూలబడి ఉంది. అక్కడే లేపుదామని ఎలీషా వంగబోతే, "గీడ కాదు! ముందుగాల బయటికి గుంజు, గాలిల పడుకోబెట్టు" అన్నాడు. వెనకే ఎక్కివచ్చిన సత్తెమ్మ దుప్పటి కప్పింది. ఎలీషా, పెద్దాయన కలిసి బాల్కనీలోకి లాగారు. ఆ అలికిడికి లేచివచ్చిన దేవేందర్ కారు తీశాడు.

నాకు రాజలింగం సాబ్ ఫోన్ వచ్చేసరికి వాళ్లు హాస్పిటల్లో ఉన్నారు. "వనజమ్మా, నువ్వు జర రా బిడ్డా. డాక్టర్‌కు మంచిగ సమజయ్యేటట్లు చెప్పాలె. ఉపవాసముండి పడిపోయిందనుకుంటున్నరు వీళ్లు."

పోయి చెప్పాను. నేను చెప్పేలోపే ఆయన చెప్పేశాడు, తన మాటల్లో: మూసిన గది, పొగగొట్టం లేని మంట, పసుపు కొస, నెల రోజుల తలనొప్పి. డ్యూటీలో ఉన్న చిన్న డాక్టరమ్మ శ్రద్ధగా విని రక్తపరీక్షకు పంపి, వెంటనే ఆక్సిజన్ పెట్టింది. గాలి చాలని మంట నుంచి వచ్చే విషవాయువుకు రంగుండదు, వాసనుండదు. ఊపిరిలోకి పోయి రక్తంలో ప్రాణవాయువు ఉండాల్సిన చోట తిష్ఠ వేస్తుంది. ఇంకో ఐదారు నిమిషాలైతే ఏమయ్యేదో చెప్పలేనని ఆమె అంది. సాయంత్రానికి హన్నా కళ్లు తెరిచి, నీళ్లు అడిగింది. ఆ తర్వాత, "నల్లా కట్టేశారా?" అని అడిగింది. అప్పుడు ఏడ్చాడు ఎలీషా.

వరండాలో దేవేందర్ గోడ వైపు తిరిగి నిలబడ్డాడు. తండ్రి పోయి అతని పక్కనే బెంచీ మీద కూర్చున్నాడు.

"నువ్వు చెప్పినవ్ నాయినా. నేనే ఇనలే."

"నేను ఒక్కసారే చెప్పి ఊకున్న. ల్యాబ్‌ల అయితే ఊకుందునా? బర్నర్ బంద్ చేసి చెయ్యి పట్టి బయటికి ఎల్లగొడుతుంటి. నా ఇంట్ల నేనే భయపడ్డ. తప్పు నాది సుత ఉన్నది. ఉస్తాద్ ఉంటే కొడుతుండె నన్ను" అన్నాడు.

ఆ గీజర్‌ను మర్నాడే పీకేశారు. హన్నా వారం తర్వాత ఇంటికొచ్చింది గాని బాత్రూం తలుపు వేసుకోవడానికే భయపడింది. స్టవ్ మీద నీళ్లు కాచుకుంది. బరువైన గిన్నె వరండా దాటించి మోస్తున్న ఆ పిల్లను చూసి సత్తెమ్మ రోజూ గొణిగేది.

అప్పుడు రాజలింగం సాబ్ నన్నూ దేవేందర్‌నూ వెంటేసుకుని దుకాణాలు తిరిగాడు. కాచిగూడలో రెండు చోట్ల అవే పాత రకం డబ్బాలు చూపించారు. మూడో చోట, రాణీగంజ్‌లో, దుకాణదారు మూలనుంచి ఒక పెట్టె తీశాడు. "ఇది డైరెక్ట్ వెంట్ అంటరు సార్. దీన్ని ఎవరు తీసుకోరు. గోడకు పెద్ద బొక్క కొట్టాలె. గీ గొట్టం చూడుండ్రి, డబల్ ఇచ్చిండు, ఎందుకిచ్చిండో."

పెద్దాయన ఆ గొట్టాన్ని రెండు చేతుల్లోకి తీసుకున్నాడు. వెలుతురుకు ఎత్తిపట్టి ఒక కన్ను మూసి లోపలికి చూశాడు. బయట ఒక లావు గొట్టం, దాని నడుమ తేలుతున్నట్టు ఇంకో సన్న గొట్టం. ఆయన ముఖం చూస్తే నాకు మా సైకిల్ స్టాండు పక్కన గది, ఊదారంగు కళ్ళద్దాలు, తెరిచిన కిటికీలు ఒక్కసారి కళ్ల ముందుకొచ్చాయి.

"ఎందుకిచ్చిండా?" అన్నాడు నవ్వుతూ. "వనజమ్మా, చూసినవా? మన కండెన్సరే గిది!"

దుకాణదారు, దేవేందర్, సరుకు కోసం వచ్చిన మరో ఇద్దరు చుట్టూ చేరారు. ఆయన పాఠం మొదలుపెట్టాడు.

"పాత డబ్బా మంట గదిలున్న గాలే తింటది, పొగ గదిలనే కక్కుతది. గీ డబ్బా అట్ల కాదు. మంటను పూరాగ మూసి పెట్టిండు, అద్దానికి సుత రబ్బరు పట్టీ ఉన్నది సూడుండ్రి. గదికి, మంటకు సంబంధమే లేదు. గీ గొట్టం గోడల నుంచి బయటికి పోతది. బయటి గొట్టంలకెల్లి ఆకాశం కింద గాలి లోపలికొస్తది మంటకు. లోపలి గొట్టంలకెల్లి పొగ బయటికి పోతది. లోపల చిన్న ఫ్యాను ఉంటది గుంజేటందుకు. వేడి పొగ పోతా పోతా, పక్కపొంటి వచ్చే సల్లగాలిని ఎచ్చగ చేస్తది. ఒకదాంతోని ఒకటి కలువది. స్నానం చేసే మనిషి ఊపిరిని ముట్టనే ముట్టది."

దేవేందర్ పెట్టె మీద కాగితం తిప్పి చూశాడు. "నాయినా, కరెంటు పోతే?"

"ఫ్యాను ఆగుతది. ఫ్యాను ఆగితే మంట సుత అంటుకోవద్దు. గట్ల కట్టిండా లేదా చదువు, నాకు ఇంగ్లీషు రాదు."

దేవేందర్ చదివాడు. అలాగే కట్టారు. ఫ్యాను తిరగనిదే గ్యాస్ వదలదని ఉంది. ఆ కాగితం మొత్తం నడిబజార్లో నిలబడి తండ్రికి తెలుగులో చదివి వినిపించాడు. అంతసేపు వాళ్లిద్దరూ కలిసి ఏదైనా చేయడం నేను అంతవరకు చూడలేదు.

బిగించడానికి బాలరాజు అనే మెకానిక్ వచ్చాడు. అంబర్‌పేట్‌లో ఉంటాడు. పని తెలిసినవాడే గాని ఈ రకం కొత్త. గోడకు రంధ్రం కొట్టి గొట్టం నేరుగా దూర్చబోతే పెద్దాయన ఆపాడు.

"బయటి దిక్కు జరంత కిందికి వంచు బాలరాజూ. లేకుంటే వానపడితే నీళ్లు లోపలికొస్తయి. పొగలున్న తడి సుత ఎనకకు కారుతది."

"కాగితంల సుత గట్లనే ఉన్నది సార్. మీరు గీ లైన్లనే చేసిండ్రా?"

"గసొంటి లైన్లనే."

గొట్టం బయట మూతి పడకగది కిటికీకి దగ్గరగా వస్తుందని తేలితే, పట్టుబట్టి గీజర్‌ను ఇంకో గోడకు మార్పించాడు. పొగ బయటికి పోయి కిటికీలోంచి మళ్లీ ఇంట్లోకి వస్తే ఇంత చేసి లాభమేముంది అన్నాడు. ఎలీషా అట్టముక్క పీకేసి వెంటిలేటర్‌కు జాలీ కొట్టాడు. గీజర్‌కు అది అవసరం లేకపోయినా గదికి గాలి ఉండాలని పెద్దాయన మాట.

మంట వెలిగించాక రాజలింగం సాబ్ అద్దం ముందు వంగి, చేతులు మోకాళ్ల మీద ఆనించి చాలాసేపు చూశాడు. నీలం. గట్టిగా నిలబడ్డ నీలం. తర్వాత సత్తెమ్మను అగరబత్తి తెమ్మని, వెలిగించి గీజర్ చుట్టూ, గొట్టం గోడలోకి దూరిన చోట, అద్దం అంచుల వెంట నెమ్మదిగా తిప్పాడు. పొగ ఎక్కడా లోపలికి గుంజుకోలేదు, ఎక్కడా చెదరలేదు, నిలువుగా పైకి పోయింది.

"హన్నమ్మా, నువ్వు రా తల్లీ. నువ్వే చూడు."

ఆమె గడప దగ్గరే ఆగింది. ఆయన బలవంతపెట్టలేదు. తనే తలుపు మూసుకుని లోపల నిలబడి, నల్లా తిప్పి ఇరవై నిమిషాలు వేడినీళ్లు వదిలాడు. బయట మేమంతా కూర్చున్నాం. మధ్యమధ్య లోపల్నుంచి, "ఉన్న, ఉన్న! తల నొస్తలేదు!" అని కేక వేశాడు. మూడోసారికి హన్నా నవ్వింది. ఆవిరితో తడిసిన అంగీతో ఆయన బయటికొచ్చేసరికి, "చాల్లెండి తాతగారూ, ఆ నీళ్లన్నీ మీరే ఖర్చుచేసేట్టున్నారు" అంటూ బక్కెట్టు తీసుకుని లోపలికి పోయింది. గడియ మాత్రం మూడు రోజుల దాకా వేసుకోలేదు. నాలుగో రోజు వేసుకుంది.

ఈ సంగతి గల్లీలో పాకింది. మొదట పక్కింటివాళ్లు పిలిచారు, తర్వాత యూనివర్సిటీ క్వార్టర్ల నుంచి, స్టాఫ్‌లో నాకు తెలిసినవాళ్ల ఇళ్ల నుంచి కబురు వచ్చింది. ఆయన పోయి మంట చూస్తాడు, వెంటిలేటర్ చూస్తాడు, పొగ ఎటు పోతోందో అడుగుతాడు. లోపల పొగ వదిలే డబ్బా కనిపిస్తే, అది పీకేదాకా అక్కడ టీ కూడా తాగడు. కొందరు వింటారు, కొందరు చూద్దాంలే అంటారు. చూద్దాం అన్నవాళ్లింటికి మళ్లీ పోతాడు. ఒక్కసారి చెప్పి ఊరుకోవడం మానేశాడు.

మొన్న ఆదివారం నేను పోయేసరికి దేవేందర్ బండి స్టార్ట్ చేసి గేటు ముందున్నాడు. గోల్నాకలో తన దోస్తు ఇంట్లో పాత గీజర్ ఉందట, కొత్తగా పెళ్లైన చెల్లె ఉందట.

"అక్కా, జర మా నాయినను పిలువవా? స్వెట్టర్ తొడుక్కొమ్మను. రింగ్‌రోడ్డు మీద మస్తు చలి ఉన్నది."

లోపల సత్తెమ్మ స్వెట్టర్ బొత్తాలు పెడుతుంటే ఆయన తొందరపడుతున్నాడు. గోల్నాక అనేసరికి పాత గల్లీలన్నీ గుర్తొచ్చినట్టున్నాయి. సోడాబండి నిలిపే చోట ఇప్పుడేముందో చూసొస్తానన్నాడు. జేబులో టార్చి, రెండు అగరబత్తులు. కొడుకు భుజం పట్టుకుని వెనక కూర్చున్నాడు. బండి మూలమలుపు తిరిగేదాకా ఆయన మాట్లాడుతూనే ఉన్నాడు, దేవేందర్ తల కొంచెం వెనక్కి వంచి వింటూనే ఉన్నాడు.